సముద్రం ఒడ్డున 20 అడుగుల పోర్టా క్యాబిన్: గాలికి ఆగాలంటే?

ప్రశ్న: విశాఖలో బీచ్‌కి ఎదురుగా ఖాళీ స్థలంలో 20×8 అడుగుల పోర్టా క్యాబిన్ (ఎత్తుకెళ్లి పెట్టే రెడీమేడ్ గది) సైట్ ఆఫీసుగా పెడుతున్నాం. ఎత్తు 8.5 అడుగులు, బరువు సుమారు 2 టన్నులు. మూడేళ్లు ఉంటుంది. "బరువుంది కదా, ఇటుకల మీద పెడితే చాలు" అంటున్నాడు సప్లయర్. తాత్కాలికం కాబట్టి గాలి బలాల లెక్కకి వాడే భారత ప్రమాణం ఐఎస్ 875 మూడో భాగంలో కె1 (కట్టడం ఆయుష్షుని బట్టి గాలి వేగానికి వేసే గుణకం) 0.70 వేసుకోవచ్చా?

జవాబు: వద్దండీ. ఆ 0.70 అయిదేళ్ల ఆయుష్షు లెక్కన తాత్కాలిక షెడ్లకి ఇచ్చింది. మీ క్యాబిన్ ఈ సైట్ అయ్యాక ఇంకో సైట్‌కి పోతుంది, లోపల మనుషులుంటారు. వేగాన్ని వర్గం చేస్తాం కాబట్టి 0.70 వేస్తే ఒత్తిడి సగానికి పడిపోతుంది. కె1 = 1.0 వేయండి.

విశాఖకి ప్రమాణంలో ఇచ్చిన గాలి మూల వేగం సెకనుకి 50 మీటర్లు. సముద్రం వైపు అడ్డేమీ లేదు కాబట్టి కె2 (చుట్టూ ఉన్న నేల, ఎత్తులని బట్టి వేసే గుణకం) 1.05. వేగం 52.5, ఒత్తిడి 0.6 × 52.5² = చదరపు మీటరుకి 1.65 కిలోన్యూటన్లు. పొడుగు గోడ 15.8 చ.మీ., ఆకారానికి వేసే కోఎఫిషియెంట్ 1.2 అనుకుంటే అడ్డంగా తోసే బలం 31 కిలోన్యూటన్లు. పైకప్పుని 0.8 కోఎఫిషియెంట్ చొప్పున పైకి లాగేది దాదాపు 20. క్యాబిన్ బరువే (2 టన్నులు) 20! ఇటుకల మీద రాపిడి ఇంకేం మిగులుతుంది?

మరో జవాబు: లెక్క సరే, యాంకర్ సంగతి చెప్తా. భద్రత కోసం గాలి బలాన్ని 1.5తో, సొంత బరువుని 0.9తో గుణిస్తే గాలి వైపు ఒక్కో మూలకి దాదాపు 15 కిలోన్యూటన్ల పైకి లాగుడు. ప్రతి పక్కా 0.9 మీటర్లుండే కాంక్రీట్ దిమ్మ బరువు 17.5 కిలోన్యూటన్లు, సరిపోతుంది. నాలుగు మూలలా వేయాలి. 2014 అక్టోబర్ 12న హుద్‌హుద్ తుఫాను కన్ను విశాఖ మీదుగా దాటాక గాలి దిశ మారింది. ఒక పక్కే కడితే లాభం లేదు. దిమ్మలో ఎం16 (16 ఎంఎం) జె-బోల్టులు పెట్టి కాంక్రీట్ పోసి, బేస్ ఛానెల్‌కి (క్యాబిన్ అడుగు ఉక్కు చట్రానికి) 12 ఎంఎం ప్లేటుతో బిగించండి. ఉప్పుగాలికి గాల్వనైజ్డ్ బోల్టులే వాడండి.

ప్రశ్న అడిగినవారు: దిమ్మల్ని నేల మీదే పెట్టొచ్చా? తర్వాత ఎత్తుకుపోవడం సులువు.

జవాబు: లాగుడుకి బరువు చాలుతుంది గానీ, జారుడుకి ఆగదండీ. 1.5తో గుణిస్తే అడ్డబలం 46 కిలోన్యూటన్లు దాటుతుంది. దిమ్మ బరువు లాగుడుకే ఖర్చయిపోయింది. నేలలోకి దించి చుట్టూ మట్టి దిమ్మిస కొట్టించండి. ఇంకోటి, కప్పు అంచుల్లో, మూలల్లో లాగుడు సగటుకి రెట్టింపు దాటుతుంది. ముందు షీట్ లేచేది అక్కడే. ఆ వరసల్లో స్క్రూలు దగ్గర దగ్గరగా వేయించండి.