డాలర్ సినిమాలు మూడింట్లోనూ కనపడే ఆ లావుపాటాయప్ప ఎవరు?

బురుజుకాడ_సీనా (కర్నూలు):
అన్నలారా ఒక డౌటు. క్లింట్ ఈస్ట్‌వుడ్ హీరోగా చేసిన కౌబాయ్ సినిమాలు, అవే డాలర్ సినిమాలంటారే, మూడూ వరసబెట్టి చూసినా, మూడింట్లోనూ ఒక భారీ మనిషి ఉండాడు. ఫస్టు దాంట్లో పెద్ద పీపా దొర్లుకుంటా వచ్చి మీద పడి సస్తాడు, మూడోదాంట్లో మిలట్రీ డ్రస్సులో ట్యూకో అనే దొంగను కుమ్మి కుమ్మి పెడతాడు, బయట ఖైదీల చేత పాట వాయిపిస్తాంటారు అరుపులు ఇనపడకుండా, అబ్బ ఆ సీను చూసి కడుపులో తిప్పినట్లయింది. ఎవరీయప్ప? ఫస్టు సినిమా టైటిల్స్‌లో చూస్తే అన్నీ అమెరికా పేర్లే ఉండాయి.

పాతరీలు (అనంతపురం):
మారియో బ్రేగా. రోమ్ మనిషి, 1923లో పుట్టినాడు, 1994లో పోయినాడు. సినిమాలకు రాకముందు మాంసం కొట్టేవాడు, ఆ చేతులు చూస్తేనే తెలుస్తాది.
పేర్ల సంగతంటావా, 1964లో ఇటలీవాళ్లు తీసిన కౌబాయ్ సినిమా అంటే ఎవరు చూస్తారని అందరికీ ఇంగ్లీషు పేర్లు తగిలించినారు. డైరెక్టరు లియోనే ఏమో బాబ్ రాబర్ట్‌సన్, మ్యూజిక్ మోరికోనే ఏమో డాన్ సావియో, మన బ్రేగా రిచర్డ్ స్టైవెసెంట్ అంట! లియోనే మాత్రం ఈయప్పను వదల్లేదు, 1984లో వన్స్ అపాన్ ఎ టైమ్ ఇన్ అమెరికా తీసినప్పుడు గూడా పిలిచి వేషమిచ్చినాడు.
ఇంగోటి, ట్యూకో బేడీల గొలుసు పట్టాల మీద పెట్టి రైలుతో తెంపుతాడే, ఆ గొలుసు ఇంగో కొసన ఉండే శవం ఈయప్పదే. రైలు పెట్టెల ఇనుప మెట్లు తన తలకు తగిలేవే అని ట్యూకో వేషమేసిన ఎలై వాలక్ తర్వాత తన పుస్తకంలో రాసుకున్నాడు.

కడప_రీలు:
అన్న చెప్పిందంతా కరెక్టే గానీ అసలు కథ ఆన్నుంచే మొదలయితాది. సీనా, నువ్వు ఇంగ్లీషు ప్రింట్లో ఇన్న గొంతు బ్రేగాది కాదు. అప్పట్లో ఇటలీలో సెట్లో సౌండు పట్టేవాళ్లు కాదు, ఈస్ట్‌వుడ్ ఇంగ్లీషులో, ఇటలీవాళ్లు ఇటాలియన్‌లో, స్పెయిన్‌వాళ్లు వాళ్ల భాషలో ఎవరికి వాళ్లు మాట్లాడేసేవాళ్లు, ఆనక కూర్చోని ఏ దేశానికి ఆ దేశం డబ్బింగు చెప్పుకునేవాళ్లు. అంటే మనకు తెలిసిన బ్రేగా ఒట్టి శరీరం. చూపు, బుజాలు, కొట్టడం, సచ్చిపోవడం.
1980లో కార్లో వెర్దోనే అని కుర్ర కమెడియన్ ఫస్టు సినిమా తీస్తే (దాని ఎనకాల ఉన్నది గూడా లియోనేనే), హిప్పీ కొడుక్కి తండ్రి వేషం బ్రేగాకు ఇచ్చినాడు. ఆయప్ప రోమ్ యాసలో అరిచి ఇరగదీసినాడు. మరుసటేడు బియాంకో రోసో ఎ వెర్దోనేలో లారీ డ్రైవరు, ఒక ముసలామెకు సూది ఏసి, ఈ చెయ్యి ఇనుమూ అయితాది ఈకా అయితాది అన్నట్లు చెయ్యి చూపిచ్చుకోని గొప్పలు పోతాడు. ఇటలీలో ఆ డైలాగు ఇప్పటికీ జనం నోట్లో ఉండాది. ట్యూకోను కొట్టిన చెయ్యి అదే సామీ!

నంద్యాల_మామ:
ఇదేదో మన సిరివెళ్ల జయప్రకాశ్ రెడ్డి కథ మాదిరే ఉండాదే. ప్రేమించుకుందాం రా, సమరసింహారెడ్డిలో వణికిచ్చిన మనిషే ఢీ, రెడీ కాడికొచ్చేసరికి అదే సీమ యాసతో నవ్విచ్చినాడు.

పాతరీలు (అనంతపురం):
మామా పోలిక బాగుంది గానీ పూర్తిగా అతకదు. జేపీ స్టేజీ మీద నానిన మనిషి, లెక్కల అయ్యవారు, విలన్‌గా భయపెట్టినప్పుడు గూడా సొంత గొంతే. బ్రేగాకు మన చెవుల్లో ఆ అదృష్టం ల్యా. నన్నడిగితే కౌబాయ్ సినిమాల్లో ఆయప్ప గొప్ప నటుడేం కాదు, గొప్ప ఆకారం, అంతే. నటన కావాలంటే ఆ మూడో డాలర్ సినిమాలో ట్యూకో అన్న, ఆ పాద్రీ వేషమేసిన లుయిజి పిస్టిల్లిని చూడు, రొండు నిమిషాల్లో పిండేస్తాడు.

కడప_రీలు:
ఆకారమే అంటే ఒప్పుకోను. పాట ఆగిపోతాంటే మళ్లీ వాయించమంటారే, ఆ సీన్లో ఆయప్ప మొఖం చూడు, కోపం ల్యా, డ్యూటీ చేస్తాండే మొఖం. భయమంతా ఆడే ఉండాది.

బురుజుకాడ_సీనా (కర్నూలు):
సరే అన్నలూ, ఆ లారీ డ్రైవరు సినిమా యాడ దొరుకుతాదో చెప్పండి, తెలుగులో ఎట్లా ఉండదు, ఇంగ్లీషు సబ్‌టైటిల్స్ ఉన్నా చాలు.

కడప_రీలు:
సబ్‌టైటిల్స్‌తో వెతుకు గానీ సౌండు మాత్రం ఇటాలియన్‌లోనే పెట్టుకో, ఇంగ్లీషు డబ్బింగు దొరికినా ముట్టుకోవద్దు.