అప్‌డేట్: అసమానతల పాఠాన్ని సిమ్స్ ఆటతోనే చెప్పాను

పోయిన నెల అడిగాను కదా, డిగ్రీ సోషియాలజీ క్లాసులో అసమానతల గురించి చెప్తుంటే పిల్లలు "కష్టపడితే ఎవరైనా సంపాదిస్తారు మేడమ్, సిమ్స్ 4లో మేం సంపాదించాం" అంటున్నారు, ఏం చేయాలని. సిమ్స్ అంటే మనం తయారుచేసుకున్న మనుషుల (వాళ్లనే సిమ్‌లంటారు) ఇల్లు, ఉద్యోగం, సంపాదన అన్నీ మనమే నడిపే కంప్యూటర్ ఆట. ఆ ఆటే క్లాసులో ఆడించమన్న వాళ్లందరికీ థ్యాంక్స్.

అందులో ఒంటరి మనిషికి కూడా మొదటి రోజే 20,000 సిమోలియన్లు (ఆ ఆటలో డబ్బు) చేతికొస్తాయి. ఈసారి చీట్ కోడ్‌తో, అంటే ఆటలో డబ్బును మనకు కావాల్సినట్టు మార్చే రహస్య కోడ్‌తో, సగం మందికి 1,000కి తగ్గించి, మిగతావాళ్లకు మదర్‌లోడ్ అనే ఇంకో కోడ్ కొట్టి ఇంకో 50,000 కలిపాను. చవక మంచం మీద పడుకుంటే అలసట తొందరగా తీరదు, దాంతో ఒకమ్మాయి సిమ్‌కి నిద్రకే గంటలన్నీ పోయి పెయింటింగ్ నేర్చుకునే టైమే మిగల్లేదు. పక్క స్క్రీన్‌లో ఖరీదైన మంచం ఉన్నవాడు పొద్దున్నే లేచి బొమ్మలు వేసి అమ్ముతున్నాడు.

అయినా ఆ అమ్మాయి నెమ్మదిగా పైకొచ్చింది, అది నేను దాచలేదు. ఎందుకంటే అక్కడ ఫోన్ తీసి ఉద్యోగం ఎంచుకుంటే చాలు, ఎవరూ కాదనరు. అప్పుడు వెనక బెంచీ అబ్బాయి ఒకడు "ఇందులో ఇంటిపేరు అడిగి ఆరా తీసేవాళ్లు లేరు మేడమ్" అన్నాడు. క్లాసంతా నిశ్శబ్దం. నాకైతే కళ్లు చెమర్చాయి.

ఫ్రెంచ్ సామాజికవేత్త బూర్దియూ చెప్పిన సామాజిక పెట్టుబడి (మనకున్న పరిచయాలు, సంబంధాల వల్ల దొరికే బలం) పాఠం సోమవారం ఆ మాటతోనే మొదలుపెడుతున్నాను.