రాత్రి పదకొండున్నరకి వచ్చిన మెసేజ్‌కి ఏమని జవాబివ్వాలి?

ప్రశ్న (స్పీచ్ థెరపిస్ట్, విజయవాడ):
చిన్న సెంటర్ నాది. ఫీజులు, అపాయింట్‌మెంట్లు అన్నీ వాట్సాప్ బిజినెస్‌లోనే. మొన్న రాత్రి పదకొండున్నరకి ఒక బాబు వాళ్ల నాన్నగారు కరపత్రం ఫొటో పంపారు. ఆటిజానికి స్టెమ్ సెల్ చికిత్స, మూడు విడతలు. కింద, "మేడమ్, అర ఎకరం బేరం పెట్టాను. చేయిస్తే బాబు నాన్నా అంటాడా?" అని. నేను నిద్రలో ఉన్నాను. నా ఫోను మాత్రం వెంటనే జవాబిచ్చేసింది: "మమ్మల్ని సంప్రదించినందుకు ధన్యవాదాలు! మా పనివేళలు 10 నుంచి 6." చివర రెండు నవ్వు బొమ్మలు. పొద్దున చూసుకుని సిగ్గేసింది. గాభరాలో "దానికి శాస్త్రీయ ఆధారం లేదండీ" అని ఒక్క లైను కొట్టాను. బ్లూ టిక్కులు పడ్డాయి, అంతే. తర్వాత రెండు సెషన్లకు రాలేదు. చెప్పింది నిజమే కదా?

జవాబు (ఒక నాన్న, సికింద్రాబాద్):
మా అమ్మాయికి పన్నెండేళ్లు. బోయిన్‌పల్లిలో మానసిక వైకల్యాల జాతీయ సంస్థ ఎన్‌ఐఈపీఐడీలో ఆటిజం అని రాసిచ్చాక నేను తిరగని చోటు లేదు. ఆటిజం తగ్గుతుందంటే ఎనిమిది నెలలు గోధుమలు, పాలు మాన్పించాం. పిల్ల చిక్కిపోయింది, మాట రాలేదు. అప్పట్లో "ఆధారం లేదు" అన్నవాళ్లంతా నాకు శత్రువులే. మా థెరపిస్టు ఆ మాట అనలేదు. నేనూ ఇలాంటి స్టెమ్ సెల్ చికిత్స వైపు చూస్తుంటే ఫోన్ చేసి, "ఇది పరిశోధనా, వైద్యమా, వాళ్లనే అడిగి రండి" అన్నారు. అడిగితే ఒకసారి పరిశోధన అన్నారు, ఇంకోసారి వైద్యం అన్నారు, అడ్వాన్స్ మాత్రం ఇవాళే కట్టమన్నారు. లేచి వచ్చేశాను.

జవాబు (పిల్లల డాక్టర్):
అడగాల్సింది అదే. వైద్య పరిశోధనలు చూసే కేంద్ర సంస్థ ఐసీఎంఆర్ 2017 మార్గదర్శకాల ప్రకారం ఆటిజానికి స్టెమ్ సెల్స్ అనుమతి ఉన్న ట్రయల్‌లోనే, అంటే పరిశోధనలోనే వాడాలి, ట్రయల్‌కి డబ్బు తీసుకోకూడదు. కానీ లింకులు పంపకండి. ఆటిజానికి పనిచేస్తుందని అప్పట్లో ఆశపడ్డ సెక్రెటిన్ అనే హార్మోన్ ఇంజెక్షన్‌ని 1999లో ఉత్తుత్తి సూదితో పోల్చి చూస్తే తేడా ఏమీ కనబడలేదు. ఆ సంగతి చెప్పాక కూడా ఆ తల్లిదండ్రుల్లో 69 శాతం మంది దాని మీద ఆసక్తి వదులుకోలేదు.

జవాబు (చీరల వ్యాపారం, గుంటూరు):
ముందు ఆ నవ్వు బొమ్మలు తీసేయండమ్మా. చీరల కస్టమర్లకే అవి నచ్చవు.

ప్రశ్న అడిగినవారు:
తీసేశాను. ఫోన్ కూడా చేశాను. ఆ ఆటో రిప్లైకి సారీ చెబితే, "అది మీరు కాదని తెలుసు మేడమ్, మా షాపు ఫోనూ అంతే" అన్నారు. పొలం మాట నేను ఎత్తలేదు. అరగంట బాబు కబుర్లే. నీళ్లు కావాలంటే ఈయన మణికట్టు పట్టుకుని ఫ్రిజ్ దాకా లాక్కెళతాడట. తలుపు తీసేముందు ఒక్క క్షణం ఆగి వాడి ముఖం చూడమన్నాను. చివర్లో పరిశోధనా, వైద్యమా అని కనుక్కోమన్నాను. బేరం ఇంకా తెగలేదు. శనివారం సెషన్‌కి మాత్రం వస్తామన్నారు.