కష్టమైన యాక్షన్ గేమ్‌ల పీసీ పోర్ట్‌లు ప్యాచ్‌లతో నిజంగా బాగుపడతాయా?

ప్యారీప్రియ
ఈమధ్య ఒక గేమ్ పీసీ పోర్ట్ (కన్సోల్ నుంచి పీసీకి తెచ్చిన వెర్షన్) మొదలుపెట్టాను, పేరు ఇక్కడ వద్దులెండి, మొత్తం ప్యారీ టైమింగ్ మీదే, అంటే ఎదుటివాడి దెబ్బని సరైన క్షణంలో తిప్పికొట్టడం మీదే నడిచే రకం. కౌంటర్‌లో సెకనుకి సగటున 60 ఫ్రేమ్‌లు చూపిస్తోంది. కానీ బాస్ రెండో దశలోకి వెళ్లి ఏదైనా కొత్త దెబ్బ వేసినప్పుడల్లా తెర ఒక్క క్షణం బిగుసుకుపోతోంది, సరిగ్గా అప్పుడే ప్రాణం పోతోంది. అదే దెబ్బ మళ్లీ వేస్తే మాత్రం అంతగా ఆగట్లేదు. గ్రాఫిక్స్ అన్నీ కిందికి దించి చూశాను, తేడా లేదు. ఎవరిని అడిగినా "ప్యాచ్ వచ్చేదాకా ఆగు" అంటున్నారు. ప్యాచ్‌తో, అంటే కంపెనీ తర్వాత ఇచ్చే సవరణ అప్‌డేట్‌తో, ఇలాంటివి నిజంగా పోతాయా? గేమ్ కష్టంగా ఉందని నా బాధ కాదు, ఓడిపోతే నా చేతకానితనం వల్ల ఓడిపోవాలి, అంతే.

పదహారుమిల్లీలు
మొదటిసారి ఆగి రెండోసారి ఆగట్లేదంటే అది చాలావరకు షేడర్ కంపైలేషన్ సమస్యే. షేడర్లంటే వెలుగు, నిప్పు లాంటివి ఎలా గీయాలో గ్రాఫిక్స్ చిప్‌కి చెప్పే చిన్న ప్రోగ్రామ్‌లు, వాటిని ఆ చిప్‌కి అర్థమయ్యే రూపంలోకి మార్చడమే కంపైలేషన్. కన్సోల్‌లో ఏ గ్రాఫిక్స్ చిప్ ఉందో ముందే తెలుసు కాబట్టి షేడర్లు తయారుచేసి గేమ్‌తోపాటే ఇచ్చేస్తారు. పీసీలో ఎవరి కార్డు ఏదో, ఏ డ్రైవర్ వేసుకున్నారో తెలియదు, అందుకని ఆ పని మీ మెషీన్‌లోనే జరగాలి. దాన్ని ముందుగా చేసిపెట్టకుండా, బాస్ కత్తికి నిప్పు అంటుకున్న క్షణంలో మొదలుపెడితే అది ముగిసేదాకా తర్వాతి ఫ్రేమ్ రాదు. ఈ భారం పడేది ప్రాసెసర్ మీద, అందుకే గ్రాఫిక్స్ తగ్గించినా మీకు తేడా కనపడలేదు.

60 ఫ్రేమ్‌ల దగ్గర ఒక్కో ఫ్రేమ్‌కి దాదాపు 16.7 మిల్లీసెకన్లు. 100 మిల్లీసెకన్లు ఆగిందంటే ఆరు ఫ్రేమ్‌లు పోయినట్టే. తీరిగ్గా ఆడే గేమ్‌లో అయితే కాస్త చిరాకు పడి ఊరుకుంటాం, కానీ ప్యారీకి ఇచ్చే అవకాశమే కొన్ని ఫ్రేమ్‌లు అయినప్పుడు అది ఆట నియమాన్నే మార్చేసినట్టు. సగటు లెక్కలో ఇదేమీ తెలియదు. ఫ్రేమ్ టైమ్ గ్రాఫ్ పెట్టుకుని చూడండి, ఆగిన చోటల్లా గీత నిటారుగా పైకి లేస్తుంది.

ప్యాచ్‌తో బాగా తగ్గే సమస్య ఇది. గేమ్ తెరవగానే షేడర్లన్నీ ముందుగా తయారుచేసుకునే దశ ఒకటి పెడతారు. మెనూ దగ్గర కాసేపు కూర్చోవాల్సి వస్తుంది, దయచేసి దాన్ని స్కిప్ చేయకండి. డ్రైవర్ మార్చినా, పెద్ద ప్యాచ్ పడినా ఆ పని మళ్లీ మొదటినుంచి జరగొచ్చు, కంగారు పడాల్సిందేమీ లేదు.

నిచ్చెనదగ్గరజాగ్రత్త
పైన చెప్పింది కరెక్ట్. కానీ ప్యాచ్ అంటే ఒక్క స్టటర్ (ఇలా ఆగి ఆగి నడవడం) తగ్గించడమే కాదు. 2012లో డార్క్ సోల్స్ పీసీకి వచ్చినప్పుడు మానిటర్ ఎంత పెద్దదైనా లోపల బొమ్మ గీసేది 1024×720లోనే, పైగా 30 ఫ్రేమ్‌ల పరిమితి. డ్యూరాంటే అనే మోడర్ (గేమ్‌కి బయటినుంచి సొంతంగా మార్పులు చేసేవాడు) గేమ్ విడుదలైన కొన్ని గంటల్లోనే డీఎస్‌ఫిక్స్ అనే మోడ్ ఇచ్చి ఆ రిజల్యూషన్ తాళం తీసేశాడు, ఆ పోర్ట్‌ని నిలబెట్టింది అదేనని నా గట్టి నమ్మకం. తర్వాత అందులోనే 60 ఫ్రేమ్‌లు కూడా వచ్చాయి. అయితే లోపలి లెక్కలన్నీ 30 ఫ్రేమ్‌లను నమ్ముకుని రాసినవి కదా, 60 పెట్టగానే దూకే దూరం తగ్గింది, కొన్ని నిచ్చెనల మీద జారితే పాత్ర నేలని దాటి కిందికి పడిపోయేది.

2014లో డార్క్ సోల్స్ 2 పీసీకి 60 ఫ్రేమ్‌లతోనే వచ్చింది, కానీ ఆయుధాలు విపరీతంగా అరిగిపోయేవి. కత్తి ఒక శవంలోంచి వెళ్తే అది తగులుతున్నంతసేపూ ఫ్రేమ్ ఫ్రేమ్‌కీ అరుగుదల లెక్కపెట్టేది, ఫ్రేమ్‌లు రెట్టింపైతే అరుగుదలా రెట్టింపు! చాలామంది ఆట కష్టంలో అదీ ఒక భాగమనుకుని భరించారు. అధికారికంగా సరిచేసింది 2015లో. ఫ్రేమ్ రేట్ పెంచితే సరిపోదు, దానికి ముడిపడిన ప్రతి లెక్కనీ విడదీయాలి. మంచి ప్యాచ్ వెనక పని అక్కడ ఉంటుంది, ప్యాచ్ నోట్స్‌లో దానికి దక్కేది ఒక్క లైను.

ఇక ఆలస్యం సంగతి. నియర్ ఆటోమాటా పీసీ వెర్షన్ 2017 మార్చిలో వచ్చింది, ఫుల్ స్క్రీన్‌లో రిజల్యూషన్ సరిగా పట్టేది కాదు. కాల్డైయెన్ అనే మోడర్ చేసిన ఫార్ మోడ్‌తో ఆడుకున్నారు జనం. అధికారిక ప్యాచ్ 2021 జులైలో! అన్నేళ్లు ఆగమని ఎవరికి చెప్పగలం?

మెల్లగానడు
ఆగిన ప్రతిదాన్నీ షేడర్ల ఖాతాలో వేయకండి బ్రో. ఎల్డెన్ రింగ్ 2022లో వచ్చినప్పుడు అందరూ అలాగే అనుకున్నారు. స్టీమ్ డెక్ (చేతిలో పట్టుకుని ఆడే పీసీ) కోసం దాన్ని తయారుచేసే వాల్వ్ వాళ్లు తవ్వి చూస్తే, కొన్ని చోట్ల గేమ్ కమాండ్ బఫర్ల (గ్రాఫిక్స్ చిప్‌కి ఇచ్చే ఆదేశాల జాబితాలు) లాంటివి ఒక్కసారిగా వేల సంఖ్యలో సృష్టిస్తోందని, దాంతో మెమరీ నిర్వహణ మీద విపరీతమైన ఒత్తిడి పడుతోందని తేలింది. వాటిని దాచిపెట్టుకుని తిరిగి వాడేలా ప్రోటాన్ (డెక్‌లో విండోస్ గేమ్‌లని నడిపించే సాఫ్ట్‌వేర్) వైపు మార్పు చేశారు, విండోస్ కన్నా డెక్‌లోనే నున్నగా నడుస్తోందని అప్పట్లో చాలామంది అన్నారు.

కొత్త ప్రాంతంలోకి అడుగుపెట్టినప్పుడల్లా ఆగితే అది వేరే రకం, డేటా లోడింగ్‌ది. అదే దారిలో రెండోసారి వెళ్లినా మళ్లీ ఆగుతుంది. ఇంజిన్ లోతుల్లో పని కాబట్టి దాన్ని ప్యాచ్‌లు కొంత తగ్గిస్తాయేమోగానీ పూర్తిగా పోవడం అరుదు.

ప్యారీప్రియ
గ్రాఫ్ పెట్టి చూశాను. కొత్త దెబ్బ పడ్డప్పుడే గీత లేస్తోంది, ఊరికే నడుస్తుంటే శుభ్రంగా ఉంది. అయితే షేడర్లే అన్నమాట. థాంక్స్ అండీ, సగం టెన్షన్ తీరింది. ప్యాచ్ వచ్చేలోపు మోడ్ వేసుకోవచ్చా? ఆన్‌లైన్‌లో కూడా ఆడతాను.

నిచ్చెనదగ్గరజాగ్రత్త
యాంటీ చీట్ (మోసాన్ని పట్టుకునే సాఫ్ట్‌వేర్) ఉన్న గేమ్ అయితే మోడ్‌తో ఆన్‌లైన్‌కి అస్సలు వెళ్లకండి, అకౌంట్ మీద నిషేధం పడొచ్చు. ఆఫ్‌లైన్‌లో మాత్రమే వాడండి, ముందు సేవ్ ఫైల్ కాపీ తీసి పక్కన పెట్టుకోండి. ప్యాచ్ పడిన రోజు మోడ్ తీసేసి ఒకసారి ఉత్త గేమ్ నడిపి చూడండి, పాత మోడ్‌కి కొత్త వెర్షన్ సరిపడక క్రాష్ అయితే తప్పు ప్యాచ్‌దే అనిపిస్తుంది.

పదహారుమిల్లీలు
ఆన్‌లైన్ అన్నారు కాబట్టి ఇంకో మాట. 2022 జనవరిలో డార్క్ సోల్స్ పీసీ సర్వర్లు మూసేశారు, ఒక లోపం వాడుకుని ఎదుటివాడి కంప్యూటర్‌లో వేరేవాళ్లు కోడ్ నడిపే వీలుందని బయటపడింది. డార్క్ సోల్స్ 3 సర్వర్లు ఆగస్టులో గానీ తిరిగి రాలేదు, 2012 నాటి పాత పీసీ వెర్షన్‌కైతే అసలు తిరిగి ఇవ్వలేదు. అందుకని ఆన్‌లైన్ ఆడేవాళ్లు "పాత వెర్షనే స్మూత్‌గా ఉంది" అని అప్‌డేట్ ఆపుకుని కూర్చోవద్దు.

మీ గేమ్‌కి షేడర్ల దశ ఇంకా లేకపోతే, ఆ బాస్ దగ్గరికి గెలవాలని కాకుండా దెబ్బలన్నీ ఒకసారి చూసి రావడానికని వెళ్లండి. ఒకసారి తయారైన షేడర్లు డిస్క్ మీద ఉండిపోతాయి, ఆ తర్వాత అసలు ఆట మొదలుపెట్టొచ్చు.