బండ మీద చేప పొలుసుల పెంట: నీటికుక్కదేనా?

ప్రశ్న: ఏటి మలుపులో నీళ్లలోకి పొడుచుకొచ్చిన బండ మీద ఎప్పుడు చూసినా ఒకే చోట నల్లటి జిగురు పెంట. నిండా చేప పొలుసులు, పీత పెంకు ముక్కలు. నీటికుక్కా, ముంగిసా?

జవాబు: అన్ని పొలుసులుంటే నీటికుక్క అనే అనుమానించాలి. ముంగిస పెంటలో వెంట్రుకలు, పురుగుల రెక్కలే ఎక్కువ. ఆ బండ వాటికి రచ్చబండ లాంటిది: ఎవరొచ్చారో, ఆడదో మగదో వాసనతోనే కబురు. కడిగేయకండి. పక్కనే బురదలో అడుగులు వెతకండి, ఐదు వేళ్లుంటాయి.

ఇంకొకరు: ముద్దుగా ఉంటాయి గానీ చేపలన్నీ ఊడ్చేస్తాయి, వలలు చింపేస్తాయి.

జవాబు: వలల సంగతి నిజమే, కాదనను. చేపలు తగ్గాయంటే మాత్రం ముందు నీళ్లను చూడండి. బ్రిటన్‌లో 1950ల్లో డీల్డ్రిన్ లాంటి పురుగుమందులొచ్చాక నీటికుక్కలే చాలా నదుల్లో మాయమయ్యాయి; ఆ మందులను కట్టడి చేశాకే మెల్లగా తిరిగొచ్చాయి. పైగా వీటికి సీల్‌కున్నట్టు మందపాటి కొవ్వు ఉండదు. ఒత్తయిన బొచ్చులో చిక్కుకున్న గాలే వెచ్చదనం. నీళ్లలో నూనె కలిస్తే బొచ్చు తడిసి, చలికే చస్తాయి. ఇక బొచ్చు కోసం, పెంచుకోడానికి పిల్లల కోసం వేట ఉండనే ఉంది. నున్నటి బొచ్చు రకాన్నీ, చిన్న గోళ్ల రకాన్నీ అంతర్జాతీయంగా అమ్మకుండా 2019లో సైటీస్ (అడవి జంతువుల, మొక్కల వ్యాపారాన్ని అదుపు చేసే దేశాల ఒప్పందం) నిషేధించింది.

అడిగినవారు: ఐదు వేళ్లున్నాయి. వేళ్ల మధ్య పొర మాత్రం కనబడలేదు.

జవాబు: గట్టి బురదలో పొర అచ్చు పడదు లెండి. చెట్టు వేళ్ల కింద బొరియ కనిపిస్తే దగ్గరికి పోకండి, పిల్లలుండొచ్చు.