పాత గేమ్‌బాయ్‌లో కొత్త కార్ట్రిడ్జ్ మొరాయిస్తోంది, ఏం చేయాలి?

నా దగ్గర మొదటి మోడల్ గేమ్‌బాయ్ (నింటెండో వాళ్ల చేతిలో పట్టుకుని ఆడే గేమ్ మెషీన్) ఉంది, 1989లో వచ్చిన ఆ బూడిద రంగు ఇటుక. తయారీ ఆగిపోయి ఇరవై ఏళ్లు దాటినా, గేమ్‌లు తయారుచేసే జీబీ స్టూడియో లాంటి ఉచిత టూల్స్ పుణ్యమా అని దానికి ఇంకా కొత్త గేమ్‌లు వస్తూనే ఉన్నాయి. ఆ ఉత్సాహంలో ఈమధ్యే ఒక కొత్త కార్ట్రిడ్జ్ (గేమ్ ఉండే, మెషీన్‌లో పెట్టే ప్లాస్టిక్ డబ్బీ) కొన్నాను.

చిక్కంతా అక్కడే వచ్చింది. ఆన్ చేయగానే పైనుంచి నింటెండో లోగో దిగాలి కదా, దాని బదులు నల్లటి పట్టీ దిగి మధ్యలో ఆగిపోతోంది. కార్ట్రిడ్జ్ లోహపు కాంటాక్ట్‌లు మెషీన్‌కి సరిగ్గా అంటకపోతే లోగో చదవలేక ఇలా అవుతుందని తెలుసు. ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌తో రెండుసార్లు తుడిచాను (నోటితో ఊదలేదు, తిట్టకండి!). అయినా పదిసార్లు పెడితే మూడుసార్లే గేమ్ మొదలవుతోంది. పాత కార్ట్రిడ్జ్‌లు మాత్రం మొదటిసారికే పనిచేస్తున్నాయి. బ్యాటరీలు కొత్తవే. పోనీ గేమ్ కలర్ మోడల్‌కి మాత్రమే చేసిందా అంటే అదీ కాదు, పెట్టె మీద చూశాను.

కొత్త బోర్డు మందంలో తేడా వల్ల ఇలా అవుతుందా? లేక అందులో గేమ్‌ని దాచే ఫ్లాష్ చిప్‌కి కరెంట్ చాలట్లేదా? మల్టీమీటర్ లేకుండా ఇంట్లోనే తేల్చుకునే దారి ఉందా?

ఇంకొక్క మాట. ఆడినంతవరకు గేమ్ సేవ్ అయి ఉండటానికి కొన్ని బోర్డుల్లో బటన్ బ్యాటరీ, కొన్నింట్లో బ్యాటరీ అక్కర్లేని ఎఫ్‌రామ్ చిప్ పెడతారు. విప్పకుండానే ఏది ఉందో ఎలా కనిపెట్టాలి? బ్యాటరీ అయిపోయి సగం ఆడిన గేమ్ ఎగిరిపోవడం ఒకసారి అనుభవించాను, మళ్లీ ఆ టెన్షన్ వద్దు. ఇలాంటివి వాడినవాళ్లు కాస్త చెప్పండి.