హొసే మరియా మగవాడు, మరియా హొసే ఆడమనిషి: స్పానిష్ జంటపేర్ల సంగతి

"హొసే మరియా" ఆడపేరా, మగపేరా అని ఇక్కడ ఒకరు అడిగారు. మగపేరేనండీ. 1996 నుంచి 2004 దాకా స్పెయిన్ ప్రధానిగా ఉన్నాయన పేరు హొసే మరియా అస్నార్. అవే పదాలు తిరగేసి "మరియా హొసే" అంటే ఆడపేరు. హెసూస్ మరియా, మరియా హెసూస్ కూడా అంతే. మొదటి పదం మగదైతే మగపేరు, ఆడదైతే ఆడపేరు.

మన దగ్గర లెక్క సరిగ్గా తలకిందులు. లక్ష్మీనారాయణ, సీతారామయ్య మగవాళ్లు. రామలక్ష్మి, శివపార్వతి ఆడవాళ్లు. మనకు తేల్చేది చివరి పదం. కారణం రెండు భాషల నడకలోనే ఉందని నాకనిపిస్తుంది. మనం "ఎర్ర ఇల్లు" అంటాం, వాళ్లు ఇల్లు ముందు పెట్టి "కాసా రోహా" అంటారు. అసలు పదం మనకు వెనకొస్తుంది, వాళ్లకు ముందొస్తుంది. పేర్లూ అదే దారి పట్టాయి.

ఆడవాళ్ల జంటపేర్లలో ఎక్కువ భాగం మరియమాత చుట్టూ అల్లుకున్నవే. ఇంటింటా ఒక మరియా ఉంటే "ఏ మరియా?" అన్న ప్రశ్న రాక తప్పదు. దానికి జవాబుగా మాతకున్న బిరుదులు, క్షేత్రాల పేర్లు వెనక చేరాయి. మనవాళ్లు గుణదల మాత, వేళాంగణి మాత అంటారే, అలాగన్నమాట. సరగోసాలో ఎబ్రో నది ఒడ్డున ఒక స్తంభం మీద మాత యాకోబు అపొస్తలుడికి దర్శనమిచ్చిందని అక్కడివాళ్ల నమ్మకం. అందుకే మరియా దెల్ పిలార్. పిలార్ అంటే స్తంభం, పండుగ అక్టోబర్ 12న. కార్మెల్ కొండ పేరు మీద మరియా దెల్ కార్మెన్. స్పెయిన్ జాతీయ గణాంక సంస్థ జాబితాల్లో ఆడవాళ్ల పేర్లలో ఏళ్ల తరబడి మొదటి స్థానం మరియా కార్మెన్‌దే.

రోజువారీ వాడుకలో ఆ ముందున్న మరియా జారిపోతుంది. రాతలో కూడా చాలామంది ఎమ్ అక్షరం వేసి, పక్కన పైకెత్తి చిన్న ఎ పెట్టి ఊరుకుంటారు. మిగిలేవి దొలోరెస్, సొలెదాద్, రొసారియో, కొన్సువెలో. దొలోరెస్ అంటే బాధలు, సొలెదాద్ అంటే ఒంటరితనం. కన్నకూతురికి ఇవేం పేర్లని మనకు అనిపిస్తుంది. కానీ ఆ పేరు పెట్టిన తల్లి మనసులో ఉన్నది బాధ కాదు, వ్యాకుల మాత, అంటే దుఃఖించే మరియమాత. పిలార్, రొసారియో, కొన్సువెలో వ్యాకరణం ప్రకారం పుంలింగ పదాలైనా ఆడపేర్లుగా చెల్లడానికి కారణం కూడా ఆ కనపడని మరియాయే. మెర్సెదెస్ కారు పేరూ ఇక్కడినుంచి వచ్చిందే. 'దయల మాత' పేరు అది. ఆస్ట్రియా వ్యాపారి ఎమిల్ యెలినెక్ తన కూతురికి పెట్టుకున్నాడు, తర్వాత అదే కారుకు పెట్టించాడు.

హొసే సంగతి వేరు. హొసే అంటే యోసేపు, మరియమాత భర్త. మధ్యయుగపు స్పెయిన్‌లో ఈ పేరు అరుదు. స్పెయిన్ సన్యాసిని ఆవిలా తెరెసా 1562లో తన మొదటి మఠానికి యోసేపు పేరే పెట్టింది. ఆమె భక్తి ప్రభావం, చర్చి ప్రోత్సాహం కలిసి తర్వాతి తరాల్లో హొసే ఊరూరా పాకిపోయింది. అది కూడా మామూలైపోయాక హొసే లూయిస్, హొసే మనుయెల్, హొసే ఆంతోనియో అని రెండో పదం తగిలించాల్సి వచ్చింది.

పిలుపుపేర్లు చూస్తే ఈ రెండు పదాలూ వాళ్లకు ఒకే పేరని అర్థమవుతుంది. హొసే మరియాలో "సె", "మ" తీసుకుని, పిల్లలు పలికినట్టు స ను చ చేస్తే "చెమ". హువాన్ మనుయెల్ "హువాన్మ", మరియా తెరెసా "మైతె", మరియా ఇసబెల్ "మరిబెల్". ఇలాంటి పిలుపుపేర్లలో రెండింటినుంచీ తలా ఒక ముక్క తీసుకుంటారు. స్పెయిన్ చట్టం కూడా ఒకే మాట చెబుతోంది: బిడ్డకు ఒక జంటపేరు, లేదంటే రెండు విడిపేర్లు, అంతకు మించి కుదరదు. ఈమధ్య తల్లిదండ్రులు లుసియా, హూగో, మార్తీన్ లాంటి పొట్టి పేర్లకే మొగ్గుతున్నారు.

అమెరికా ఫారాల్లో రెండో పదాన్ని "మిడిల్ నేమ్" గడిలోకి తోస్తే అక్కచెల్లెళ్లు మరియా కార్మెన్, మరియా తెరెసా ఇద్దరూ ఉత్త "మరియా"లే అవుతారు. అక్కడ వెంకట సుబ్బారావు, వెంకట రమణ ఇద్దరూ ఆఫీసులో "వెంకట" అయిపోయిన ఇబ్బంది మనవాళ్లకు బాగా తెలుసు.

అనువాదకులకు ఒక మనవి. మనం "మార్క్వెజ్" అని రాసే రచయిత పేరు గాబ్రియెల్ గార్సియా మార్కెస్. గార్సియా తండ్రి ఇంటిపేరు, మార్కెస్ తల్లి ఇంటిపేరు. స్పానిష్ గ్రంథాలయాల్లో ఆయన పుస్తకాలు "గ" కిందే దొరుకుతాయి. పొట్టిగా రాయాలనుకుంటే "గార్సియా మార్కెస్" అని రాయండి. హొసే మరియాను "జోస్ ఎం." అని మాత్రం రాయకండి.